కోత లేని సినిమాలో ఒక్క కోత

పద్దెనిమిది నిమిషాలపాటు కెమెరాను రవ్వంత కూడా కదపకుండా ఉంచడం నా గొప్పతనమని రాసినవాళ్లున్నారు. ఆ కెమెరా ఒక ఇటుక మీద ఉండింది. కదలకపోవడం ఇటుక గొప్పతనం. దాన్ని ఏరుకొచ్చి దుమ్ము దులిపిన శ్రమ మాత్రం నాదే.

నేను డాక్యుమెంటరీలు తీస్తాను. వెనక నుంచి కథ చెప్పే గొంతు, ప్రశ్నలడిగే మనిషి, సంగీతం ఏవీ లేని రకం. వీటిని ప్రయోగాత్మకం అంటారు. గుడియాత్తంలో ఒక పెళ్లి పంక్తిలో పక్క ఆకు ముందు కూచున్న పెద్దాయన "ఏం జేస్తా ఉండావప్పా" అని అడిగితే "ప్రయోగాలు" అన్నాను. "కెమిస్ట్రీనా ఫిజిక్సా" అన్నాడు. వివరించి చెప్పాను. అంతా విని, "అయితే వేలై ఏమీ లేదనమాట" అని సాంబారు పోయించుకున్నాడు. వేలై అంటే మా వైపు పని. నా కళ గురించి అంత క్లుప్తంగా ఎవరూ చెప్పలేదు.

మొదట్లో వేలూరులో పెళ్లి వీడియోలు తీసేవాణ్ణి. ఒక పెళ్లిలో తాళి కట్టే ముహూర్తానికి నా కెమెరా వంటపందిట్లో ఉండింది. గుమ్మడికాయలు నరుకుతున్న ఒక ముసలాయన చేతులు చూసి అక్కడే ఆగిపోయాను. కత్తి దిగడం, కాయ విచ్చుకోవడం, ఆయన వేలు కత్తికి గింజంత దూరంలో తప్పుకోవడం. వారం తర్వాత పెళ్లికూతురి తండ్రి, ఇద్దరు మేనమామలు స్టూడియోకి వచ్చి వీడియో చూశారు. తాళి వచ్చే చోట గుమ్మడికాయ వచ్చింది. నన్ను షట్టరు మీదికి తోసి, ముక్కు మీద గుద్ది, కింద పడ్డాక కడుపులో తన్నారు. నా పని మీద వచ్చిన తొలి విమర్శ అది. రాసింది కూడా చేత్తోనే.

చేతుల మీద నాకున్న ఈ పిచ్చి మా ఇంటిదే. మాది గుడియాత్తంలో నేతవాళ్ల వీధి. ఇంట్లో గుంట మగ్గం. నాయన అందులో కాళ్లు పెట్టి కూచుంటే పగలంతా లేచేవాడు కాదు గనక, మమ్మల్ని కొట్టాలంటే చేతికందిన నాడెను విసిరేవాడు. నాడె అంటే పేక నూలు మోసుకుపోయే పడవలాంటి చెక్క. దాని రెండు కొసలకూ ఇనప ములుకులు. ఆయన గురి చాలా మంచిది. నా ఎడమ కనుబొమ్మలో ఈనాటికీ వెంట్రుక మొలవని చోటు ఒకటుంది. మా ఇంట్లో తిట్టు పడుగు, దెబ్బ పేక. ఆ రెండింటితో నేసిన గుడ్డను నేను. లుంగీ మీద ఒక్క గడి తప్పని ఆ చేయి, నా వీపు మీద కూడా గళ్లు తప్పకుండా వేసేది. ఒకే చేయి రెండు పనులు ఎలా చేస్తుందో చూడాలనిపించేది. పక్కన నిలబడి చూస్తే దెబ్బ పడుతుంది. కెమెరా వెనక నిలబడితే పడదని చాలా ఏళ్ల తర్వాత తెలిసింది.

అలా చూస్తూ పోయాను. కావేరిపాక్కం చెరువులో జాలర్ల పడవ అడుగున వేసిన చేపలు ఒక్కొక్కటిగా చచ్చేదాకా తీశాను. చివరి చేప తోక ఆగేసరికి ఇరవై ఆరు నిమిషాలు పట్టింది. చూడ్డానికి వచ్చినవాళ్లలో సగం మంది చేప కంటే ముందే లేచిపోయారు. రాళ్ల క్వారీలో సమ్మెట దెబ్బలు తీశాను. మాంసం కొట్లో మేక తలకాయను మంటలో కాల్చి, గీకి, చీల్చే చేతులు తీశాను. నాకు మూడు నియమాలుండేవి. ముఖాలు చూపించను. నేను మాట్లాడను. మధ్యలో కోయను. ముఖం అబద్ధమాడుతుంది, చేతులు ఆడవు అని నాలుగు ఊళ్లలో ఉపన్యాసం కూడా ఇచ్చాను. నోటి గురించి మాత్రం ఎక్కడా ఏమీ చెప్పలేదు.

ఇక ఆ పొద్దు సంగతి.

పడుగును మా వీధిలో పావు అంటారు. మిగతా తెలుగువాళ్లకు పావంటే నాలుగో వంతు. మాకు అదే మొత్తం. వీధి ఈ మొగ నుంచి ఆ మొగ దాకా వేల పోగులను మొల ఎత్తులో బిగించి కట్టి, గంజి పూసి, ఇద్దరిద్దరుగా అటూ ఇటూ నడుస్తూ పెద్ద కుంచెలతో దువ్వాలి. ఎండ ముదిరేలోగా ఆరాలి. ఇప్పుడు మిల్లులోనే గంజి పెట్టిన నూలు వస్తుంది గనక ఈ పని చేసేవాళ్లు ఒకటి రెండు వీధుల్లోనే మిగిలారు. అందులో ఒకడు మా పెద్దమ్మ కొడుకు. నాకంటే నాలుగేళ్లు పెద్ద, నాకు అన్న.

పావు వేసిన పొద్దున వీధి మొగలో ఒక మనిషి నిలబడాలన్నది మా కట్టుబాటు. బండి వస్తుంటే "పావు, పావు" అని కేక వేసి ఆపాలి. అదీ మించి పావు తెగిందంటే, చూసినవాడు అరవాలి, విన్నవాడు చేతిలో ఏదుంటే దానితో రావాలి. ఇది ఎవరూ కూచోబెట్టి నేర్పేది కాదు. దగ్గు ఎలా వస్తుందో మాకు ఆ కేక అలా వస్తుంది.

ఆ రోజు మొగలో నిలబడింది వదిన. నేను ఆమె కాళ్ల పక్కనున్న ఇంటి మెట్టు మీద ఇటుక పెట్టి, కెమెరాను మోకాలి ఎత్తులో ఉంచి, మైకు బిగించి తీస్తున్నాను. కుంచెలు రాసే చప్పుడు వాన దూరంగా పడుతున్నట్టు ఉండింది. సగం పని అయ్యాక గంజి తక్కువ పడింది.

"కంజి తెచ్చేదానికి పోతా ఉండా," అంది వదిన. "నువ్వీడే ఉండావు గదా. కొంజం చూస్కోప్పా. సుమ్మా ఊరికే కెమెరాలోకే చూడాకు."

"సరే వదినా, నువ్వు పో," అన్నాను. కెమెరాలోకే చూస్తున్నాను.

మూల తిరిగి ఒక లోడు ఆటో వచ్చింది. నీళ్ల క్యాన్లు దించే బండి. నడిపేవాడు కనియంబాడి మనిషి, ఆ వీధికి కొత్త. అతను రావడం నాకు వినబడింది. ముందే ఒక్కసారి "పావు" అని ఉంటే బ్రేకు వేసేవాడు. కానీ ఫ్రేములోకి చక్రం రావడం బాగుంటుందని నాకు అనిపించింది. అంతకంటే మర్యాదగా చెప్పడం నాకు చేతకావడం లేదు. చక్రం వచ్చింది. వేల పోగులు ఒకేసారి తెగితే వచ్చే చప్పుడు గుడ్డ చిరిగినట్టుండదు. ఎముక విరిగినట్టు ఉంటుంది.

అప్పుడు నా నోరు దానంతట అదే తెరుచుకుంది. "పావు పాయరా, పట్టి కొట్టండి వాణ్ణి, ఇడవాకండి."

అతను బండి ఆపి దిగాడు. పారిపోలేదు. రెండు చేతులూ జోడించి "తెలీదన్నా, తెలీదన్నా" అంటూ ఎదురొచ్చాడు. మొదటి దెబ్బ దువ్వేవాళ్లలో ఒకడి కుంచె వెనక చెక్కతో నోటి మీద పడింది. మోకాళ్ల మీద కూలాడు. పోగుల మధ్య దూర్చే కర్రలు లాగి కొట్టారు. ఒక కర్ర అతని ఎడమ మోచేతి మీద విరిగింది, మోచేయి కర్ర కంటే ముందు విరిగింది. వెల్లకిలా పడ్డవాణ్ణి తిప్పి, మడమతో చెవి మీద తొక్కారు. ఒకసారి కాదు. ఇటుకలకు మట్టి తొక్కినట్టు తొక్కారు. గంజి కుండ దొర్లి తెల్లటి గంజి రోడ్డంతా పారింది, దానిలోకి ఎర్రది చేరింది. నా కెమెరా మోకాలి ఎత్తులో ఉంది గనక కొట్టేవాళ్లవి కాళ్లూ చేతులే కనబడ్డాయి. కింద పడ్డ అతని ముఖం మాత్రం ఫ్రేములోకి సరిగ్గా వచ్చింది. నా సినిమాల్లోకి వచ్చిన ఒకే ఒక ముఖం అది. అది నన్నే చూస్తోంది. పళ్లు ఊడిన నోటితో ఇంకా "తెలీదు" అనడానికే ప్రయత్నిస్తోంది.

నా చేతులు ప్యాంటు జేబుల్లో ఉన్నాయి. చేతుల మీద సినిమాలు తీసేవాడి చేతులు.

ఆపింది వదిన. పొయ్యి మీద నుంచి దించిన గంజిని తీసుకొచ్చి కొట్టేవాళ్ల కాళ్ల మీద గుమ్మరించింది. వాళ్లు కేకలు పెట్టి ఎగిరి పక్కకు దూకారు. అన్న ఈ గొడవలో లేనే లేడు. రెండో మొగలో తెగిన కొసలు చిక్కుపడకుండా పోగుల మీద బోర్లా పడుకుని రెండు చేతులతో వాటేసుకుని ఉన్నాడు. అది కెమెరాకు అందనంత దూరం.

వేలూరులో గదిలో కూచుని ఆ పద్దెనిమిది నిమిషాలూ చూశాను. నిజం చెప్పాలంటే బాగుందనుకున్నాను. ఒక్క కోత కూడా అక్కర్లేదు. చక్రం వచ్చాక నాలుగు సెకన్లు తప్ప. ఆ నాలుగు సెకన్లలో నా గొంతు ఉంది. నేను మాట్లాడకూడదన్నది నియమం కదా అని నాకు నేనే చెప్పుకుని, నా అరుపు తీసేసి, దాని స్థానంలో అంతకు ముందరి కుంచెల చప్పుడు అతికాను. అతుకు కనబడదు. నేతవాడి కొడుకును, తెగిన పోగు ముడి వేయడం చిన్నప్పుడే వచ్చు.

సినిమా పేరు తెచ్చింది. పెద్ద ఊళ్లలో చీకటి హాళ్లలో వేశారు. "మీరెందుకు ఆపలేదు?" అని ప్రతిచోటా ఎవరో ఒకరు లేచి అడిగేవారు. కెమెరా ఆపినంత మాత్రాన దెబ్బలు ఆగవని బదులిచ్చేవాణ్ణి. చప్పట్లు కొట్టేవారు. వాళ్లు అడిగింది దెబ్బల గురించి, నేను చెప్పింది కెమెరా గురించి. ఆ తేడా నాకు తెలుసు.

పోలీసులకు మాత్రం నా సినిమా నచ్చలేదు. ముఖాలు లేని సినిమా వాళ్లకెందుకు. కొట్టినవాళ్లు నలుగురని ఎలాగో పేర్లు రాసుకున్నారు. కానీ ఎవరో అరిచి ఉసిగొల్పారని వీధంతా చెప్పింది. ఎవరి గొంతో ఎవరికీ తెలియదు. పావు ఎవరిదని అడిగారు. మా అన్న పావు. నువ్వేనా అరిచింది అని అడిగారు.

"నా పావు తెగితే నేను గాకుంటే ఇంకెవురు అరుస్తారు సార్," అన్నాడట అన్న. "గ్యాపకం లేదు. నేనే అరిచుంటా."

తన నోటితో తనే ఒప్పుకున్నాడు గనక అతన్ని మొదటి ముద్దాయిని చేశారు. కొట్టినవాళ్లకు తక్కువ పడినా పడవచ్చుగానీ కొట్టమన్నవాడికి జైలు తప్పదని లాయరు చెప్పాడు. అన్న అప్పటినుంచి గొంతెత్తి మాట్లాడటం మానేశాడు. పక్క గదిలో ఉన్న పెళ్లాన్ని కూడా పిలవడు, లేచి వెళ్లి భుజం తడతాడు. తన నోరంటే తనకే భయం. రెండేళ్లు నేను అది చూస్తూ ఊరుకున్నాను. చూడటమే నా వృత్తి గదా.

ఒక సినిమా ఉత్సవం వాళ్లు, సినిమాలో ఉన్న ఒకే ముఖం కాబట్టి అతని అనుమతి సంతకం కావాలన్నారు. కాగితం పట్టుకుని కనియంబాడి వెళ్లాను. వేరుశెనగ చేను పక్కన ఇల్లు. అతని తల్లి చాప వేసింది.

"యాడ నించి వచ్చినావు నాయనా?"

"వేలూరు నుంచమ్మా. సత్తువాచారి."

"ఆడుండే కలెక్టరాఫీసు నించా?"

"కాదమ్మా, సినిమా."

"ఓ," అంది. ఆ ఒక్క అక్షరంలో ఆశ వచ్చి పోయింది.

అతను వచ్చి గోడకు చేరగిలబడ్డాడు. మోచేయి వంగదు. ఒక చెవి పోయింది. బండి నడపలేడు. కాగితం చదవకుండానే సంతకం పెట్టాడు.

"ఒగటి అడగల్ల సార్. మీ సినిమాలో ఆ అరిచినాయన గొంతు ఉండాదా?"

"లేదు," అన్నాను. ఆ మాట గట్టిగా రాలేదు.

"నాకు దెబ్బలు సరిగ్గా గ్యాపకం లేవు. ఆ కేక ఉండాది. అది ఇనబడకముందు వాళ్లందరూ బండిలో ఉండే నా మొగం చూస్తా నిలబడినారు సార్. కొట్టల్లని వాళ్లకు లేదు. అది ఇనబడినంక వాళ్ల కండ్లు మారిపాయ." వంగని మోచేతిని రెండో చేత్తో ఒళ్లోకి తీసుకున్నాడు. "ఆ అరిచినాయన మీ అన్నంట గదా. కోర్టులో చూసినా. సాదు మనిషి మాదిరి ఉంటాడు. ఆయన్ని చూస్తే ఆ కేక ఆయనదేనా అనిపిస్తాది. లోపలికి పోతే నేను సంతోషపడల్లనా లేదా, తెల్లేదు."

ఆ కాగితాన్ని నేను ఎక్కడికీ పంపలేదు. బస్సులో గుడియాత్తం పోయి, అన్న ఇంట్లో మగ్గం గుంట గట్టు మీద కూచుని, కోయని శబ్దాన్ని ఫోనులో పెట్టి వినిపించాను. చక్రం. పోగులు తెగడం. నా అరుపు.

అన్న మూడుసార్లు విన్నాడు. తల అడ్డంగా ఊపాడు.

"నన్ను కాపాడల్లని చేసినావు," అన్నాడు, గుసగుసగా. "ఇప్పుడు మిషన్లో ఎవురి గొంతు గావాలన్నా చేస్తారంట గదా. చచ్చిపోయినోళ్ల చేత గూడా పాటలు పాడిస్తా ఉండారు. నీ గొంతు పెట్టేది ఒగ లెక్కనా నీకు."

"లేదన్నా. ఇది నేనే. అరుపు తీసేసింది నేనే."

"తమ్ముడివి. తప్పు నీ మీద యేసుకుంటా ఉండావు. వొద్దురా. నా నోరు నాకు తెలుసు."

ఇంతకాలం నేను చెప్పిన అబద్ధాలన్నీ జనం నమ్మారు. ఒక్క నిజం చెబితే అదీ నా ప్రతిభేనని అనుమానపడ్డారు. వదిన మాత్రం వాకిట్లో నిలబడి నన్ను చూస్తోంది. ఆమెకు తెలుసు. మొగను నాకు అప్పగించి పోయింది తనే అని చెబితే ఆ తప్పు తన మీదికి వస్తుందని ఆమె కూడా ఊరుకుంది. ఇద్దరం కలిసి ఒక మనిషికి మాట పోయేలా చేశాం.

లాయరు దగ్గరకు తీసుకెళ్లాను. "ఇది ఇచ్చినారంటే మీ అన్న బయటికి, మీరు లోపలికి," అన్నాడు. ఇచ్చాను. పోలీసులకూ అన్నకు వచ్చిన సందేహమే వచ్చింది. మిషన్లో తయారుచేశావా అన్నారు. గొంతు నమూనా ఇవ్వమని సత్తువాచారిలో ఒక ఆఫీసు గదికి పిలిచారు. అన్న, వదిన కూడా వచ్చారు. బయట వరండాలో బెంచీ మీద కూచున్నారు.

గదిలో ఒక అమ్మాయి మైకు పెట్టింది. నాకంటే బాగా పెట్టింది. నా అరుపులోని ఆ మూడు ముక్కలు కాగితం మీద తమిళ లిపిలో రాసున్నాయి, తెలుగు మాటలే. మామూలు గొంతుతో చదవమంది, చదివాను. ఇప్పుడు అరవమంది. అరిచాను. అది ఉపన్యాసం చెప్పే గొంతు, ఆమెకు కూడా తెలిసిపోయింది.

"అట్ల గాదు సార్," అంది తమిళంలో. "ఆ రోజు అరిచినట్టు."

కళ్లు మూసుకున్నాను. కుంచెల చప్పుడు గుర్తుచేసుకున్నాను. చక్రం గుర్తుచేసుకున్నాను. నోరు తెరిచాను. ఆ గొంతు ఎక్కడి నుంచో వచ్చింది. మా నాయనది అది, ఆయన నాడె విసిరే ముందు పెట్టే గొంతు. గది అద్దాలు అదిరాయి. అమ్మాయి చేయి మైకు మీద నుంచి వెనక్కి పోయింది.

తలుపు తెరుచుకుంది. అన్న లోపలికి వచ్చేశాడు. ఎవరూ ఆపేలోగా నా చెంప మీద కొట్టాడు. రెండోది ముక్కు మీద పడింది, పెదవి మీదికి రక్తం కారింది. చొక్కా పట్టుకుని గోడకేసి కొట్టాడు. నేత చేయి, గురి తప్పదు.

"నీదే," అన్నాడు. "అది నీదే. రెండేండ్లు. రెండేండ్లు నా నోటిని నేనే తిట్టుకుంటా బతికినాను గదరా. నేను యాడ అరిచినా? నేను పోగుల మీద పడుకోనుండా. ఇప్పుడు గ్యాపకం వస్తా ఉండాది. నేను యాడ అరిచినా?"

కానిస్టేబుల్ వచ్చి అతని రెండు చేతులు వెనక్కి విరిచి పట్టుకున్నాడు. ఆఫీసులో పక్క గదుల వాళ్లు గుమ్మాల్లోకి వచ్చారు. "గొంతు తగ్గించయ్యా, ఇది ఆఫీసు," అన్నాడు కానిస్టేబుల్. అన్న తగ్గించలేదు. నన్ను, మా నాయనను, నా సినిమాలను, ఆ ఇటుకను, పేరు పేరునా, మెట్లు దిగి రోడ్డు మీదికి పోయేదాకా పెద్ద గొంతుతో తిడుతూనే ఉన్నాడు.